చార్జిషీటు ఎత్తేస్తే సస్పెన్షన్ కాలం జీతం దానంతటదే రావాలా?

సిరొంచ లిపిక్:
గడ్చిరోలి వైపు తరచూ వచ్చే చిక్కే ఇది. ఒక తలాఠీని (గ్రామ రెవెన్యూ ఉద్యోగిని) 14 నెలలు సస్పెన్షన్‌లో పెడతారు. తర్వాత చార్జిషీటు (శాఖాపరమైన ఆరోపణల పత్రం) వెనక్కి తీసుకుని పోస్టింగ్ ఇస్తారు. ఆ 14 నెలల సంగతి ఆర్డరులో ఉండదు. బకాయి అడిగితే డీడీఓ (జీతాల బిల్లులు చేసే అధికారి) "ఆర్డరు చూపించు" అంటాడు. నేననేది ఒకటే: పనిలోకి వస్తానన్న మనిషిని ఆపింది ఆఫీసే కదా! ఆరోపణ నుంచి పూర్తిగా బయటపడ్డవాడికి "పని చేయలేదు కాబట్టి జీతం లేదు" అన్న సూత్రం వర్తించదని 1991లోనే జానకిరామన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. మళ్లీ వేరే ఆర్డరు దేనికి?

దెగ్లూరు పద్దులు:
న్యాయం మీ వైపే ఉందన్నా, కానీ ఆర్డరు జత చేయని బకాయి బిల్లును ట్రెజరీ అభ్యంతరం రాసి తిప్పి పంపుతుంది. మహారాష్ట్ర సివిల్ సర్వీసుల 1981 నియమాల్లో 72వ నియమం చూడండి. ఉద్యోగంలోకి తిరిగి తీసుకునే అధికారి రెండు సంగతులు తేల్చి రాయాలి. ఆ కాలానికి జీతం ఎంత? దాన్ని డ్యూటీగా లెక్కించాలా, వద్దా? సస్పెన్షన్ పూర్తిగా అన్యాయమని అధికారి అభిప్రాయపడితే 72(3) కింద పూర్తి జీతభత్యాలు. లేదంటే 72(5): తగ్గించి ఇవ్వబోతున్నామని ముందు నోటీసు ఇవ్వాలి, జవాబుకు గడువివ్వాలి (60 రోజులు మించకూడదు), ఆ జవాబు చూశాకే నిర్ణయం. నోటీసే లేకుండా "జీవనభృతితో (సస్పెన్షన్‌లో ఇచ్చే తగ్గించిన జీతంతో) సరి" అని రాసేస్తే ఆ ఆర్డరును సవాలు చేయడానికి ఆ కారణం ఒక్కటి చాలు.

ఇంకోటి. జానకిరామన్ కేసు ప్రమోషన్ల సీల్డ్ కవరు (విచారణ తేలేదాకా ప్రమోషన్ నిర్ణయాన్ని మూసిన కవరులో ఉంచడం) గురించి. విచారణ ఉద్యోగి వల్లే సాగినా, సందేహ లాభంతో బయటపడినా జీతం ఎంత ఇవ్వాలో అధికారి తేల్చవచ్చని అదే తీర్పులో ఉంది. కాబట్టి చార్జి ఏ కారణంతో ఎత్తేశారన్నది ముఖ్యం.

గుణుపురం హెడ్‌క్లర్కు:
ఇక్కడే నాకు పేచీ. ఒడిశా సర్వీస్ కోడ్ 91వ నియమం కూడా ప్రత్యేక ఆర్డరు కావాలనే అంటుంది, కాదనను. కానీ కారణం రాయకుండా చార్జి వదిలేసింది ప్రభుత్వం. ఆ ఖాళీని ఉద్యోగికి వ్యతిరేకంగా ఎలా చదువుతారు? విచారణ జరిపి ఉంటే నిర్దోషినని రుజువు చేసుకునేవాడు, ఆ అవకాశం తీసేసింది వాళ్లే. ఒక్కటి మాత్రం చూసుకోవాలి. "మళ్లీ విచారణ జరిపే హక్కు ఉంచుకుంటూ" అన్న వాక్యం ఆర్డరులో ఉందా? ఉంటే ఎస్టాబ్లిష్‌మెంటు సెక్షను ఆ సాకుతో ఫైలు కదపదు. కొత్త చార్జిషీటు ఇస్తారో లేదో చెప్పమని ముందు రాతపూర్వకంగా అడగాలి.

సిరొంచ లిపిక్:
ఏ ఆర్డరూ ఇవ్వకుండా ఏళ్లు గడిపేస్తే?

దెగ్లూరు పద్దులు:
72వ నియమం పేరెత్తి ఒకే అర్జీ పెట్టండి, ఇన్‌వర్డ్ నంబరు వేయించుకోండి. 6 నెలల్లో జవాబు రాకపోతే ఆపైన ఏడాదిలోపు మ్యాట్‌కు (మహారాష్ట్ర అడ్మినిస్ట్రేటివ్ ట్రైబ్యునల్‌కు) వెళ్లాలి. గడ్చిరోలి, చంద్రపూర్‌లకు నాగపూర్ బెంచి. అర్జీ మీద అర్జీ పెడితే గడువు పెరగదు, చాలామంది చెడేది ఇక్కడే.

లెక్క కూడా అర్జీతోనే ఇవ్వండి. మూల వేతనం 40,000 అనుకుందాం. మొదటి 3 నెలలు జీవనభృతి 20,000, తర్వాత 50 శాతం పెంచితే 30,000. తేడా 3 నెలలకు 60,000, మిగతా 11 నెలలకు 1,10,000, మొత్తం 1,70,000. దీని మీద ఏ నెలకు ఆ నెల రేటుతో డీఏ తేడా. మధ్యలో ఇంక్రిమెంటు తేదీ పడితే ముందు సర్వీసు బుక్‌లో దాన్ని ఎక్కించాలి. లేకపోతే బకాయి పాత మూల వేతనం మీదే వచ్చి, రెండో బిల్లుకు మళ్లీ తిరగాలి. ఆ కాలంలో వేరే ఉద్యోగం, వ్యాపారం చేయలేదన్న ధ్రువీకరణ మరవద్దు.

గుణుపురం హెడ్‌క్లర్కు:
ఒడిశావాళ్లకు ఆ దారి లేదు. ఇక్కడి ట్రైబ్యునల్‌ను 2019లో రద్దు చేశారు. రాయగడ అయినా, గజపతి అయినా కటక్ హైకోర్టులో రిట్ వేయాల్సిందే. మహారాష్ట్రలోనూ జిల్లా పరిషత్ ఉద్యోగులు మ్యాట్‌కు కాదు, హైకోర్టుకే వెళ్లాలి.

సిరొంచ లిపిక్:
ఆర్డరు కావాలన్నది ఒప్పుకుంటున్నా. కానీ 72వ నియమం ప్రకారం ఉద్యోగిని తిరిగి తీసుకున్నప్పుడే అధికారి ఆ ఆర్డరు తనంతట ఇవ్వాలి. అర్జీ పెట్టలేదన్న పేరుతో జీతం ఆపడం మాత్రం ఒప్పుకోను.