అప్‌డేట్: రేడియేషన్ గుర్తు రెక్కలు ఫ్యాన్‌లా ఎందుకొచ్చాయో తేలింది

నాటకం సెట్ కోసం పసుపు అట్ట మీద వేసిన మూడు రెక్కల గుర్తు సీలింగ్ ఫ్యాన్‌లా కనిపిస్తోందని, కారణమేంటని అడిగాను కదా. రెండు తప్పులు దొరికాయి.

మొదటిది కొలత. నడిమి చుక్క వ్యాసార్థం 1 అనుకుంటే రెక్కలు 1.5 దగ్గర మొదలై 5 దగ్గర ఆగాలి. 50 సెం.మీ. వెడల్పు గుర్తుకి చుక్క 5, రెక్క మొదలు 7.5, చివర 25 సెం.మీ. నేను రెక్కల్ని చుక్కకి అంటించేశాను. ఆ 2.5 సెం.మీ. పసుపు ఖాళీ లేకపోతే ఫ్యానే మరి!

రెండోది, అసలు తిప్పలు పెట్టింది: దిశ. ఒక రెక్క నిట్టనిలువుగా కిందికి ఉండాలి. కంపాస్‌ని 25 సెం.మీ. దగ్గరే ఉంచి పెద్ద వృత్తం మీద ఆరు గుర్తులు పెడితే 60 డిగ్రీల భాగాలు వాటంతటవే వస్తాయి. కానీ మొదటి గుర్తు పైన కాదు, కుడి చివర పెట్టాలి. పైనుంచి మొదలెడితే మొత్తం 30 డిగ్రీలు పక్కకి ఒరుగుతుంది.

పసుపు మీద నలుపు కొడితే స్టెన్సిల్‌కి (కత్తిరించిన అచ్చు అట్టకి) వంతెనలు, అంటే లోపలి ముక్కలు ఊడిపోకుండా పట్టి ఉంచే సన్నని పట్టీలు, అక్కర్లేదు. నలుపు మీద పసుపైతే కావాలి.

రంగు సంగతి: 1946లో అమెరికాలోని బర్కిలీలో పుట్టినప్పుడు ఇది నీలం మీద మెజెంటా. కథ ఆ కాలానిదైతే పసుపు-నలుపు వాడకండి.