ఫైనాన్స్ హెడ్‌ను పెట్టుకోవాలి, నాకేమో పత్తి తప్ప ఏమీ తెలీదు

ఆదోని_జిన్నింగ్:
పత్తి చేతికిస్తే పింజ లాగి చూసి రేటు చెప్తా. బ్యాలెన్స్ షీటు మాత్రం ఆడిటర్ చదివి చెప్పాల్సిందే. ఇప్పుడు స్పిన్నింగ్ కూడా పెడుతున్నాం. ఫైనాన్స్ హెడ్ లేకుంటే కష్టమని బ్యాంకు వాళ్లన్నారు. ముగ్గురొచ్చారు, ముగ్గురూ బాగానే మాట్లాడారు. నాకు రాని పనిలో పనోడెవడో ఎట్లా కనుక్కోవాలి? జీతం ఎంతైతే న్యాయం?

తాడిపత్రి_పాలిష్:
మాటలు చూసి పెట్టుకోవద్దన్నా. నేను పెద్ద కంపెనీ నుంచి జీఎంను తెచ్చా. ఏడు నెలలు ఏసీ గదిలో స్లైడ్లు చూపించాడు. బండ ఎక్కడ పగులుతోందో చూడ్డానికి ఒక్కసారీ యార్డుకు రాలేదు. పంపేటప్పుడు మూడు నెలల జీతం అదనంగా ఇచ్చుకున్నా.

ప్రొద్దుటూరు_నూనె:
నేను అడిగింది ఒకటే ప్రశ్న. చిన్న పరిశ్రమలకు 45 రోజుల్లో డబ్బు కట్టకపోతే ఏమవుతుంది? చెప్పినోణ్ణి పెట్టుకున్నా. ఇప్పుడు మాకు కాయలమ్మే వ్యాపారులకు కూడా 45 రోజుల్లోపే కడుతున్నాడు.

కర్నూలు_సీఏ:
22 ఏళ్లుగా ఇదే పని నాది. కొని అమ్మే వ్యాపారికి ఆ రూలు వర్తించదు. వాళ్లకు ఉద్యం రిజిస్ట్రేషన్, అంటే చిన్న పరిశ్రమల నమోదు, బ్యాంకు రుణాల వరకే పనికొస్తుంది. పైగా రాసుకున్న ఒప్పందం లేకుంటే గడువు 45 కాదు, 15 రోజులే. పరీక్ష రాసినోడు, పెట్టినోడు ఇద్దరూ ఫెయిల్.

ప్రొద్దుటూరు_నూనె:
22 ఏళ్లైనా మర్యాద రాలేదే సార్! మా ఆడిటర్ కూడా సీఏనే.

కర్నూలు_సీఏ:
అదే నా బాధ.

కడప_హెచ్ఆర్:
మీ ఇద్దరూ కాస్త ఆగండి. అన్నా, పాత కంపెనీలో ఆయన చేసిన పెద్ద తప్పేంటో అడగండి. ఎంత పోయింది, ఎవరు పట్టుకున్నారు, తర్వాత ఏం మార్చారు? పని చేసినోడికి అంకెలు నోటికొస్తాయి. లేనోడు ‘టీమ్, టీమ్’ అంటాడు. ఆయన ఇచ్చిన నంబర్లకు కాదు, ఆయన కింద పనిచేసిన అకౌంటెంట్‌కు ఫోన్ చేయండి.

ఆదోని_జిన్నింగ్:
రెండో ఆయనే నన్ను అడిగాడు. ‘తేమ 8 శాతం దాటితే సర్కారు తరఫున పత్తి కొనే సీసీఐ రేటు కోస్తుంది కదా. మరి గోడౌన్లో ఆరి తగ్గిన బరువును మీరు స్టాకులో ఎక్కడ రాస్తున్నారు?’ అని. గుమాస్తా నా మొహం చూశాడు, నేను గుమాస్తా మొహం చూశా.

తాడిపత్రి_పాలిష్:
ముందురోజు రాత్రి నెట్‌లో చదివొచ్చింటాడు.

కడప_హెచ్ఆర్:
మిగతా ఇద్దరికీ నెట్ లేదా?

అనంత_శెనక్కాయ:
అన్నా, ఈ వారం పత్తి క్వింటాలు ఎంత పోతోంది? రెండో ముంబై అంటారు కదా మీ ఊరిని.

ప్రొద్దుటూరు_నూనె:
రెండో ముంబై ప్రొద్దుటూరయ్యా! ఆదోని ఎప్పుడైంది?

కర్నూలు_సీఏ:
అది కూడా మీ ఆడిటర్ చెప్పాడా?

ఆదోని_జిన్నింగ్:
రెండో ఆయనకే ఫోన్ చేశా. జీతం మాటెత్తలేదు, బ్యాంకుకిచ్చిన మూడేళ్ల స్టాక్ స్టేట్‌మెంట్లు ముందు పంపమన్నాడు. అప్పట్నుంచి టెన్షన్ నాకు, గుమాస్తాకు. ఇంతకూ జీతం ఎంతో ఒక్కరూ చెప్పలేదు.