పాముపొడలో పొడ, పొడగంటిమయ్యలో పొడ

— మా నాన్న వరి దుబ్బు విడదీసి చూపించి "పాముపొడ మొదలైంది" అన్నారు, మచ్చలు వేసే వరి తెగులు. అప్పట్నుంచి అన్నమయ్య కీర్తన "పొడగంటిమయ్య (చూశామయ్యా) మిమ్ము పురుషోత్తమా" నన్ను వదలడం లేదు. మచ్చ అనే పొడా, ఈ పొడా ఒకటేనా? తర్వాత "మమ్ము విడువకవయ్య"నా, "నెడయకవయ్య"నా?

— "నెడయకవయ్య కోనేటి రాయడా". ప్రాస చూడండి, డకారం.

— మాస్టారూ, ప్రాస సాక్ష్యం చాలదు. "విడువక"లోనూ రెండో అక్షరం డకారమే. ఎడయడమంటే దూరం కావడం. కళ్ళారా చూశాక కోరుకునేది అదే కదా, దూరం కావొద్దని. పాఠాన్ని నిలబెట్టేది అర్థమే.

— పొడ అంటే మొదట కనబడేది. "వాడి పొడ గిట్టదు" అంటాం, "పొడచూపింది" అంటాం. ఒంటి మీద కొత్తగా తేలింది కనుక మచ్చ పొడ అయింది. పొడము అనే క్రియ ఉండనే ఉంది.

— నేను పొడుచు వైపు. పచ్చబొట్టు పొడుస్తారు, పోటుకో చుక్క. తెల్లారగట్ల వేగుచుక్క పొడుస్తుంది!

— ఆ రెండు పొడుచులూ ఒకటేనని ముందు తేల్చాలి కదండీ. తమిళంలో పొఱి అంటే చుక్క, మచ్చ. అక్కడ వెతకండి.

— పొఱి కుదరదు. అక్కడి ఱ మనకూ ఱగానే వచ్చింది. ఆఱు ఆఱుగానే ఉంది, ఆడు కాలేదు. మన డకారానికి అక్కడ ట గానీ, ఏఴు (ఏడు), కోఴి (కోడి)లో ఉన్న ఴ గానీ కనిపించాలి.

— చేలో చూసింది చెబుతాను. పాముపొడ మచ్చ నీటిమట్టానికి కాస్త పైన, కాండాన్ని చుట్టుకున్న ఆకు తొడుగు మీద బూడిదరంగులో వస్తుంది. నడుమ పాలిపోయి, అంచు గోధుమరంగుకు తిరిగి, మచ్చలన్నీ కలిసిపోయాకే పాము ఒంటిలా ఉంటుంది. విడిచుక్కను కాదు, అల్లుకున్న ఆ రూపునే రైతు పొడ అన్నాడు. పోటు వాదానికి ఇది అడ్డం. నాన్నగారిని ఇప్పుడు యూరియా వేయొద్దనండి, గట్ల మీద గడ్డి తీయించమనండి.

— రూపు అంటే గుర్తొచ్చింది, అదే కీర్తనలో "గారవించి దప్పిదీర్చు కాలమేఘమా"! దప్పి తీర్చే ముందు గారవించడం అన్నమయ్యకే తట్టాలి.

— దానికి ముందున్న "చాల నేరిచి పెద్దలిచ్చిన నిధానమా" సంగతేమిటి? నిధానమంటే నిధి, సరే; నేరిచింది పెద్దలా, మనమా? "చాల" ఎటు పోతుంది?

— పెద్దలే. ఇచ్చిన నిధానం వాళ్ళదైతే నేర్పూ వాళ్ళదే.

— ఒప్పుకోను. "చాల"ను "నిధానమా"తో అన్వయించి ఒకసారి చదవండి.