యాడ్స్ తప్పించుకోడానికి మోడ్ యాప్ వాడితే తప్పేంటి?

కృష్ణాతీరం: మా హాస్టల్లో చాలా ఫోన్లలో యూట్యూబ్ లాంటి వాటి మోడ్ ఏపీకేలే, అంటే అసలు యాప్‌ని బయటివాళ్లు మార్చి వదిలిన ఫైళ్లే. యాడ్స్ రావు, స్క్రీన్ ఆపినా పాట ఆగదు. నెలనెలా అన్నిటికీ సబ్‌స్క్రిప్షన్ కట్టే స్తోమత ఎంతమందికి ఉంది? మేమేం సినిమాలు పైరసీ చెయ్యట్లేదు కదా.

లాగ్‌క్యాట్: తమ్ముడూ, ముందు నీ ఫోన్ సంగతి చూడు. ఆండ్రాయిడ్‌లో ప్రతి యాప్‌కీ తయారుచేసినవాళ్ల డిజిటల్ సంతకం ఉంటుంది. లోపల ఏం మార్చినా అది చెల్లదు. అందుకే మోడ్ చేసినవాడు తన సంతకం వేసి వదులుతాడు. అంటే నువ్వు నమ్ముతున్నది కంపెనీని కాదు, టెలిగ్రామ్‌లో ఫైలు పెట్టిన ముక్కూమొహం తెలియని మనిషిని. అసలు యాప్ అప్‌డేట్ దానిమీద ఎక్కదు. పాటల యాప్‌కి ఎస్సెమ్మెస్‌లు చదివే అనుమతి ఎందుకు? యాక్సెసిబిలిటీ అనే అనుమతి ఇచ్చావంటే స్క్రీన్ మీదున్నది చదువుతుంది, నీ బదులు బటన్లు నొక్కుతుంది. నీ యూపీఐ ఉన్నదీ, ఓటీపీలొచ్చేదీ అదే ఫోన్‌లో.

కృష్ణాతీరం: వాన్స్‌డ్ అనే యూట్యూబ్ మోడ్‌ని ఏళ్ల తరబడి వాడారుగా అన్నా?

లాగ్‌క్యాట్: గూగుల్ లీగల్ నోటీసుతో వాళ్లు 2022 మార్చిలోనే ఆపేశారు. ఇవాళ ఆ పేరుతో దొరికే ఫైలు ఎవరు తయారుచేశారో నీకెలా తెలుస్తుంది?

తంబూరా: మాది బుర్రకథలు రికార్డు చేసే చిన్న ఛానెల్. పెద్ద వీడియోల మీద వచ్చే యాడ్ డబ్బులో యూట్యూబ్ మాకిచ్చే వాటా 55 శాతం. ప్రీమియం ఉన్నవాళ్లు చూసినా కొంత వస్తుంది. మోడ్‌లో చూస్తే ఏమీ రాదు. పోయిన దసరాకి కథకుణ్ణి, ఇద్దరు వంతల్ని పిలిపించాం. దారిఖర్చులు, మైకుల అద్దె మా జేబులోంచే. ఆ వీడియో కిందే ఒకరు "మోడ్‌లో చూశా, యాడ్ గోల లేదు, సూపర్" అని రాశారు. కథ నచ్చిందనే రాశారు, పాపం. కంపెనీ మీద కోపం ఉంటే ఉండొచ్చు, కానీ దెబ్బ ఆ వంతలకి తగులుతోంది బాబూ.

కృష్ణాతీరం: మీకు రావాల్సింది రావాల్సిందే అండీ, కాదనను. కానీ విద్యార్థి ప్లాన్ తీసుకుందామంటే మా డిగ్రీ కాలేజీ పేరే లిస్టులో లేదు. పాట మధ్యలో యాడ్ దూర్చేవాళ్లని ఎవరూ అడగరేం?

తంబూరా: అడగాల్సిందే. మా వీడియోల్లో మధ్య యాడ్లు నేనే ఆపేశాను, ముందొచ్చేవే ఉంచాను. వాటితో చూడండి చాలు.

లాగ్‌క్యాట్: మోడ్ మాత్రం ఇవాళే తీసెయ్. యాక్సెసిబిలిటీ ఇచ్చి ఉంటే ఆ తర్వాత యూపీఐ పిన్ మార్చు. ఖాతాలో తేడా కనిపిస్తే ఆలస్యం చెయ్యకుండా సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చెయ్.