అప్‌డేట్: ఆకలి ముందు స్నేహం నిలుస్తుందా?

తిండి కరువై లోకానికి దూరంగా చిక్కుకుపోయినవారి మధ్య స్నేహం నిలుస్తుందా అని ఇదివరకు అడిగాను. మీలో ఒకరు సూచించిన అమెరికా సైనికాధికారి గ్రీలీ నడిపిన ఆర్కిటిక్ (ఉత్తర ధ్రువ ప్రాంత) యాత్ర గురించి ఆ తర్వాత శ్రద్ధగా చదివాను. 1881లో వెళ్లిన 25 మంది, సరుకులు తెస్తున్న ఓడ 1883లో మంచులో నలిగి మునిగిపోవడంతో, చివరికి సీల్ తోలు తినే స్థితికి చేరుకున్నారు. పదేపదే ఆహారం దొంగిలించిన చార్లెస్ హెన్రీని 1884 జూన్ 6న నాయకుడి ఆజ్ఞపై తోటివారే కాల్చి చంపారు. ఆకలి నమ్మకాన్ని తినేస్తుందనే నా అనుమానం నిజమేననిపించి, చాలా బాధ కలిగింది. అయితే కాళ్లూ వేళ్లూ మంచుకు పోగొట్టుకున్న సహచరుడు ఎలిసన్‌ను నెలల తరబడి సాకినదీ ఆ మనుషులే. అతడు తనంతట తాను తినగలిగేలా మొండి చేతికి చెంచా కట్టారు.