ఒకొనొమియకిని ‘నచ్చినట్టు’ అనవచ్చా?

ప్రశ్న: జపాన్ క్యాబేజీ రొట్టె ఒకొనొమియకిని చాలామంది ‘జపాన్ ఊతప్పం’ అని రాస్తున్నారు. అది అతకడం లేదు. ‘ఒకొనొమి’ అంటే నచ్చినది, ‘యకి’ అంటే కాల్చినది. మరి నచ్చిన + అట్టు = ‘నచ్చినట్టు’ అంటే?

— సంధి చక్కగా కుదిరిందండీ. అయితే ‘నచ్చినట్టు’లో ఉన్నది ‘ఆ విధంగా’ అనే అర్థమిచ్చే అట్టు, తినే అట్టు వేరే మాట. రూపం ఒకటే కాబట్టి పేరుగా రెండు అర్థాలూ పలుకుతాయి, అది దాని అందం. ఇంకొకటి, జపాను పలుకుబడిలో ఈ మాటలో అచ్చులన్నీ హ్రస్వాలే. ‘ఓకోనోమియాకీ’ అని సాగదీయకండి. మొదటి ‘ఒ’ మర్యాదకు చేర్చేది, అసలు మాట ‘కొనొమి’.

— నా అభ్యంతరం ‘అట్టు’ మీదే. అట్టు పోస్తాం. ఒసాకా పద్ధతిలో పోయడానికి పిండే ఉండదు. ఇద్దరికి లెక్క: మైదా 100 గ్రాములు, దషి అనే చారునీళ్లు 100 మి.లీ., గుడ్లు 2, సన్నగా తరిగిన క్యాబేజీ 300 గ్రాములు. పిండికి మూడింతలు కూర! ముక్కలు విడిపోకుండా పట్టుకోవడమే పిండి పని. పెనం మీద కుప్పగా పెట్టి, రెండు సెంటీమీటర్ల మందాన గుండ్రంగా సర్దాలి. పైన పల్చటి పంది మాంసం ముక్కలు పరిచి, మధ్యస్థం మంట మీద 5 నిమిషాలు. తిరగేసి మూతపెట్టి ఇంకో 5, మళ్లీ తిరగేసి మూత లేకుండా 2. మందం చూస్తే ఇది దిబ్బరొట్టెకు చుట్టం.

— గురువుగారూ, లోపల మాత్రం బంకగా ఉండిపోతోంది. కారణం?

— మూడు చూడండి. ‘అట్టు’ అన్న పేరు నమ్మి పిండి జారుగా, ఎక్కువగా కలపడం ఒకటి. క్యాబేజీని ముందే కలిపి ఉంచడం రెండోది: ఉప్పు తగిలాక అది నీరు వదులుతుంది, పిండి పలచబడుతుంది. పెనం వేడెక్కాకే, ఒక్కో రొట్టెకు సరిపడా విడిగా, చెంచాతో అడుగునుంచి పైకి ఎత్తుతూ కలపాలి. గిరగిరా తిప్పితే మైదా సాగి గట్టిపడుతుంది. మూడోది, తిరగేశాక అట్లకాడతో అదమడం. లోపలి గాలి పోయి ముద్దవుతుంది. ఆ గాలి కోసమే వాళ్లు నగైమొ దుంప తురిమి వేస్తారు. అది పెండలం జాతి. దానికి బదులు కంద వేయకండి, గొంతు దురద పెడుతుంది. దుంప దొరక్కపోతే అర చెంచా బేకింగ్ పౌడర్ చాలు.

— ‘అట్టు’ను పూర్తిగా కొట్టేయకండి. హిరోషిమాలో పిండిని నిజంగానే పోస్తారు! గరిటెడు పల్చటి పిండిని పెనం మీద గుండ్రంగా తిప్పి, పైన క్యాబేజీ, మొలకలు, మాంసం పేర్చి, కాస్త పిండి చిలకరించి తిరగేస్తారు. అట్టు పైకి వస్తుంది, దాని కింద క్యాబేజీ తన ఆవిరికి తానే మగ్గి అణుగుతుంది. పక్కన వేయించిన నూడుల్స్ మీదికి దాన్ని ఎత్తి పెట్టి, గుడ్డు కొట్టి పరిచి, ఆ మొత్తాన్ని గుడ్డు మీదికి చేరుస్తారు. జపాను భాషలోనూ తేడా ఉంది: ఒసాకాది ‘మజెయకి’, కలిపి కాల్చేది. హిరోషిమాది ‘కసనెయకి’, పేర్చి కాల్చేది.

— ‘యకి’కి ‘కాల్చు’ను మించిన మాట లేదు. మనం రొట్టె, మొక్కజొన్న పొత్తు, కుండ, ఇటుక, అన్నిటికీ ‘కాల్చడం’ అంటాం. వాళ్లూ అంతే, అరిత ఊరి పింగాణీని ‘అరితయకి’ అంటారు.

— అయితే పేరు ‘నచ్చినట్టు’ ఉంచి, తయారీ రాసేటప్పుడు ఒసాకాదాన్ని ‘కాల్చాలి’ అనీ, హిరోషిమాదాన్ని ‘పోయాలి’ అనీ రాస్తాను. దషిని మామూలుగా చేప పొరలతో చేస్తారు కదా, మరి శాకాహారులకు ఎలా?

— కొంబు అనే ఎండు సముద్రపు నాచు 5 గ్రాములు, అర లీటరు చన్నీళ్లలో రాత్రంతా నానబెట్టండి. మరిగించవద్దు, జిగురు దిగుతుంది. పైన చల్లే కత్సుఒబుషి చేప పొరలు కూడా మానేయాలని తయారీలో రాయండి.