సమస్యాపూరణం: "వాడి విడిచిన పూలకే వాసి హెచ్చె" (ఈసారి పేరు: ఆముక్త)

ఈసారి సమస్య తేటగీతిలో, నాలుగో పాదంగా (ముందు మూడు పాదాలూ మీరు రాయాలి, అదే పూరణ):

వాడి విడిచిన పూలకే వాసి హెచ్చె

ఒకరు ముడుచుకుని తీసేసిన పూలు పూజకు పనికిరావన్నది మన ఇళ్లలో అందరికీ తెలిసిన నియమం. మరి వాటికే గొప్పతనం ఎలా వచ్చింది? పూరణలో "ఆముక్త" అన్న పేరు అర్థం తెలియాలి. పేరే పద్యంలోకి వస్తే ఇంకా మంచిది. ఈమధ్య పుట్టిన ఆడపిల్లలకు అక్కడక్కడా ఈ పేరు వినబడుతోంది. అర్థం అడిగితే చాలామంది "ముక్తి పొందినది" అంటున్నారు. అది కాదు కాబట్టే ఈ సమస్య ఇచ్చాను.

డల్లాస్ సభ్యురాలు:

ముక్తిఁ బొందిన దాముక్త, ముగ్ధ బాల
స్వామి కిచ్చెడి పూలను సరము చేసి
తానె ముడిచి యా పిమ్మటఁ దండ నొసఁగ
వాడి విడిచిన పూలకే వాసి హెచ్చె

నిర్వహణ: చెల్లెమ్మా, యతులన్నీ (పాదం మొదటి అక్షరంతో మధ్యలో కుదరాల్సిన అక్షరాలు) కుదిరాయి, నడక హాయిగా ఉంది. మొదటి పాదంలో అర్థమే దారి తప్పింది. "ముచ్" ధాతువు చూడగానే విడుదల, ముక్తి గుర్తుకొస్తాయి. ముందు "ఆ" చేరితే మాత్రం తొడుక్కున్నది, ధరించినది అనే అర్థం. అమరకోశంలో ఆముక్త, ప్రతిముక్త, పినద్ధ, అపినద్ధ శబ్దాలు పక్కపక్కనే వస్తాయి. అవి ఉన్నది క్షత్రియవర్గంలో, కవచం తొడుక్కోవడం గురించి చెప్పే చోట. అంటే యోధుడి ఒంటి మీది కవచమూ ఆముక్తమే, స్వామికి కట్టిన దండను ముందు తాను వేసుకుని ఇచ్చిన గోద (ఆండాళ్) మెడలోని దండా ఆముక్తమే. మొదటి పాదాన్ని ఇలా మార్చి చూడండి: "మెడకుఁ దొడిగిన దాముక్త, మేటి బాల". మిగతా మూడు పాదాలూ మీవే ఉంటాయి.

ఇంకొక మాట. మీరు విదేశంలో ఉన్నారు కాబట్టి ముఖ్యంగా చెబుతున్నాను. ఇంగ్లీషు స్పెల్లింగులో మొదటి దీర్ఘం కనబడదు. బళ్లో "అముక్త" అని పిలిచారంటే "విడుదల కానిది" అని అర్థం మారిపోతుంది. ఇంట్లోనైనా దీర్ఘం పట్టి పిలవండి.

తెనాలి మాస్టారు:

తండ్రి కట్టిన దండను దాల్చి చూచె
బావి నీళ్ళలోఁ దన రూపు బాల గోద;
రంగఁ డా దండనే కోరె రక్తి తోడ;
వాడి విడిచిన పూలకే వాసి హెచ్చె

తిరుపతి సభ్యుడు: మాస్టారూ, రెండో పాదం చదవగానే శ్రీవిల్లిపుత్తూరు గుడిలో ఇప్పటికీ చూపించే ఆ బావి కళ్లముందుకొచ్చింది. అయితే గోద తండ్రి విష్ణుచిత్తుడు రోజూ దండ తీసుకెళ్లింది ఆ ఊరి స్వామి వటపత్రశాయికి కదా. రంగనాథుడు పెళ్లి దగ్గర కదా వస్తాడు, శ్రీరంగంలో?

తెనాలి మాస్టారు: నిజమే నాయనా. "స్వామి యా దండనే కోరె సంతసించి" అని దిద్దుకుంటాను.

నిర్వహణ: దిద్దాక ఇంకా బాగుంది. రంగడు, రక్తి అన్నప్పటి కంటే ఇందులో నెమ్మది ఉంది.

తెనాలి మాస్టారు: పద్యం సంగతి అలా ఉంచండి, పేరు మీదే నాకో అభ్యంతరం ఉందమ్మా. గోద కథ చెప్పిన కావ్యానికి కృష్ణదేవరాయలు పెట్టిన పేరు "ఆముక్తమాల్యద". ఆముక్తమైన మాల్యాన్ని ఇచ్చినది అని సమాసం. "ఆముక్త" అన్నది దండకు విశేషణం, పిల్లకు కాదు. ముక్కను విరిచి పిల్లకు పెడితే "తొడగబడినది" అవుతుంది. మాల్యద అని పెట్టుకోవచ్చు కదా?

నిర్వహణ: వ్యాకరణం ప్రకారం మీరన్నది అక్షరాలా నిజం మాస్టారూ. కానీ పేర్లలో సగం పలికి మొత్తాన్ని తలచుకోవడం మనకు కొత్తేమీ కాదు. సత్యభామను సత్య అంటాం, భీమసేనుణ్ని భీముడంటాం. దాన్నే నామైకదేశ గ్రహణం అంటారు. ఆముక్త అనగానే తెలుగువాడికి రాయల కావ్యమే గుర్తొస్తుంది, వేరే ఏదీ రాదు. కళింగ దండయాత్రకు వెళ్తూ కృష్ణ ఒడ్డున శ్రీకాకుళంలో ఆగిన రాయలకు ఆంధ్ర మహావిష్ణువు కలలో కనబడి, శ్రీరంగంలో జరిగిన తన పెళ్లి కథ తెలుగులో చెప్పమన్నాడని కావ్యం మొదట్లోనే ఉంది. ఆరు ఆశ్వాసాల ఆ కావ్యానికి పేరైన మాటను పసిపిల్లకు పెట్టుకుంటున్నారంటే నాకు సంతోషమే. అర్థం తెలిసి పెట్టుకోవాలన్నదే నా పట్టుదల.

తమిళంలో కోదై అన్నా దండ అనే అర్థం ఉంది. అదే సంస్కృతంలోకి వచ్చి గోద అయింది. అన్నమయ్య "చూడికుడుత నాంచారి" అన్నాడు, ముడిచి ఇచ్చిన అమ్మ అని. అన్ని పేర్లూ ఆ దండ చుట్టూ తిరిగినవే.

ఇంజనీరింగ్ విద్యార్థి: మొదటిసారి రాస్తున్నాను, ఒక్క పాదమే వచ్చింది. టెన్షన్‌గా ఉంది: "శ్రీవిల్లిపుత్తూరు తోటలో చిన్ని గోద"

నిర్వహణ: టెన్షన్ ఎందుకు బాబూ, శ్రీ–చి యతి సరిగ్గానే పడింది. తేటగీతి పాదం సూర్యగణంతో, అంటే మూడు మాత్రల చిన్న గణంతో, మొదలవ్వాలి. "శ్రీవిల్లి" తగణం, అంతకంటే పెద్దదైన ఇంద్రగణం. ఊరి పేరు వదిలేసి "తులసి తోటలో దొరికెనుఁ దొలుత గోద" అంటే సరిపోతుంది. విష్ణుచిత్తుడికి పాప దొరికింది తులసి తోటలోనే. మిగతా రెండు పాదాలూ నువ్వే రాసి పంపు.

తిరుపతి సభ్యుడు:

విల్లిపుత్తూరి గోదమ్మ వేసికొన్న
దండ తిరుమల కొండకుఁ దరలి వచ్చె;
గరుడసేవలో మలయప్ప కంఠమందు
వాడి విడిచిన పూలకే వాసి హెచ్చె

నిర్వహణ: ఈ పూరణకు నా నమస్కారం. కథలో జరిగినదాన్ని కాకుండా ఇప్పటికీ ఏటా జరుగుతున్నదాన్ని పట్టుకున్నారు. బ్రహ్మోత్సవాల్లో గరుడసేవకు శ్రీవిల్లిపుత్తూరు నుంచి ఆండాళ్ దండలు తిరుమలకు వస్తాయి. ధనుర్మాసంలో అక్కడ సుప్రభాతం బదులు ఆమె పాడిన 30 పాశురాల తిరుప్పావై వినిపిస్తుంది. సమస్యలోని విరోధం "కంఠమందు" అన్న ఒక్క మాటతో విడిపోయింది. "ఆముక్త" అన్న మాట లేదన్నది ఒక్కటే లోటు.

వరంగల్ అక్కయ్య:

పాత పట్టు చీరనుఁ గోసి పాపకొఱకు
లంగ కుట్టించె నమ్మమ్మ, లక్షణముగ
తొడిగి యాముక్త యిల్లంతఁ దుళ్ళుచుండ
వాడి విడిచిన పూలకే వాసి హెచ్చె

తెనాలి మాస్టారు: ముచ్చటగా ఉంది తల్లీ. కానీ పూలేవి? చీర ఒక్కటే కనబడుతోంది.

వరంగల్ అక్కయ్య: జరీ పూలు మాస్టారూ, చీర నిండా బుటాలు.

నిర్వహణ: అది మీ మనసులో ఉంది అక్కయ్యా, పద్యంలోకి రాలేదు. మొదటి పాదం "పాత పూబుటా చీరతోఁ బాపకొఱకు" అంటే పూలు వచ్చేస్తాయి, పా–బా యతీ నిలుస్తుంది. ఈసారి నేను ఎంచుకున్నది ఈ పద్యాన్నే. గోద పేరు ఎత్తకుండానే ఆ పేరులోని అర్థం పసిపిల్ల ఒంటి మీదికి వచ్చింది. "తొడిగి యాముక్త" అని మాటనూ అర్థాన్నీ పక్కపక్కన పెట్టడం ఇంకెవరికీ తట్టలేదు.

వచ్చేసారి పేరు అపాల, ఋగ్వేదం ఎనిమిదో మండలంలో సూక్తం ఉన్న అత్రి కూతురు. పాలించేవాడు లేనిది అని పేరుకు అర్థం. సమస్య, మళ్లీ తేటగీతిలోనే:

రక్ష లేనట్టి పిల్లయే రక్ష యయ్యె